పింగ్లా అమ్మాయి పరుగు

ఈ క్రీడా సంచిక ముఖచిత్రంగా ప్రణతి నాయక్‌ను ఎంచుకున్నాం. తెలుగమ్మాయి కాదు, నిజమే. కానీ మన ఖరగ్‌పూర్ సబ్‌డివిజన్‌లోని పింగ్లా పిల్ల, బస్సు డ్రైవరు కూతురు. రైలు బండ్లు నడిపిన ఇళ్లలో పుట్టిన మనకు ఆమె పరాయిది ఎలా అవుతుంది?

2019లో ఉలాన్‌బాతర్‌లో జరిగిన ఆసియా జిమ్నాస్టిక్స్ పోటీల్లో వాల్ట్‌లో కాంస్యం గెలిచింది. 2022లో దోహాలో మరొకటి. 2025లో, ముప్పయ్యేళ్ల వయసులో, జెచోన్‌లో ఇంకొకటి.

నన్ను ఎక్కువగా కదిలించింది మాత్రం పతకం రాని టోక్యో ఒలింపిక్స్. కరోనాతో జిమ్నాజియాలు మూతపడ్డాయి. తనకు చోటు దక్కిందని ఆమెకు తెలిసేసరికి మూడు నెలల వ్యవధి కూడా మిగల్లేదు. అయినా వెళ్లింది. వాల్ట్‌లో 13.466 పాయింట్లు, బార్స్‌పై 9.033. ఇంత తేడా ఆమె ఒక్కదానిదే అనుకోను. రియోలో నాలుగో స్థానం పొందిన దీపా కర్మాకర్, 2018 మెల్‌బోర్న్ ప్రపంచకప్‌లో కాంస్యం తెచ్చిన మన హైదరాబాదు అరుణారెడ్డి, ఇద్దరూ వాల్ట్‌లోనే వెలిగారు. దీపకు పేరు తెచ్చిన ఆ ప్రమాదకరమైన వాల్ట్‌కు రష్యా క్రీడాకారిణి యెలేనా ప్రొదునోవా పేరే ఉంది. అదే ప్రొదునోవా సిడ్నీ ఒలింపిక్స్‌లో బీమ్‌పై కూడా కాంస్యం గెలిచింది. మన పిల్లలకూ నాలుగు పరికరాలూ చిన్ననాడే అందాలి. అవి కోల్‌కతాలోనే కాదు, ఖరగ్‌పూర్‌లోనూ ఉండాలి.

ప్రణతి పోటీల కథ లోపలి పేజీల్లో ఉంది. మీ ఇంటి ఆడపిల్లల చేత చదివించండి.