నాడె పట్టిన చేయి ఎవరిది?

మగ్గం పని పురుషునిదా, స్త్రీదా? ఈ ప్రశ్నను సూరత్ నగరంలోని నవాగామ్‌లో ఏ మరమగ్గాల కార్ఖానా ముందు అడిగినా వినేవారు నవ్వుతారు. మగ్గం నడిపేది మగవాడు కాక మరెవరు? ఇదే ప్రశ్నను రెండువేల అయిదువందల సంవత్సరాల క్రితం ఏథెన్స్ వీధిలో అడిగి ఉంటే అక్కడివారూ నవ్వి ఉండేవారు. కాని వారి నవ్వుకు కారణం వేరు. వారి దృష్టిలో మగ్గం ముందు నిలువవలసినది స్త్రీ. అందులో సందేహించవలసినదేమీ వారికి కనిపించదు.

ఒకే పనిముట్టు ఒక సమాజంలో పౌరుషానికి, మరొక సమాజంలో స్త్రీత్వానికి చిహ్నమయినది. రెండు సమాజాలూ తమ తమ ఆచారానికి పురాణాన్నే సాక్ష్యంగా నిలబెట్టుకున్నవి. ఈ వైచిత్రి ఆలోచింపదగినది.

నవాగామ్, దాని పక్కనున్న దిండోలి, లింబాయత్, ఉధ్నా మొదలైనవి సూరత్‌లో శ్రామికజనం నివసించే ప్రాంతాలు. కృత్రిమ పట్టుకు, జరీకి పేరొందిన ఆ నగరానికి దేశం నలుమూలల నుండి కార్మికులు వచ్చి చేరారు. కరీంనగర్, వరంగల్, నల్లగొండ ప్రాంతాల పద్మశాలీలు వారిలో చెప్పుకోదగినవారు. చేనేత కూడు పెట్టని రోజులలో షోలాపూర్‌కు, భివండికి, సూరత్‌కు తరలివెళ్లిన కుటుంబాలు ఎన్నో. ఊరు విడిచినా వారు తమ మార్కండేయుని, తమ భావనాఋషిని విడువలేదు.

ఆ తీరానికీ గ్రీకులకూ ఉన్న సంబంధం పాతది. సూరత్‌కు ఉత్తరాన నర్మదా ముఖద్వారం వద్ద ఉన్న భరూచ్‌ను గ్రీకులు బారిగాజా అని పిలిచేవారు. క్రీస్తుశకం మొదటి శతాబ్దంలో ఈజిప్టుకు చెందిన గ్రీకు వర్తకుడొకడు తన కాలపు సముద్ర వ్యాపారాన్ని వివరిస్తూ ‘ఎరిత్ర సముద్ర పెరిప్లస్’ అనే గ్రంథం రచించాడు. గ్రీకు రాజులు అపొల్లొడోటస్, మెనాండర్‌ల పాత నాణేలు అప్పటికింకా బారిగాజాలో చెల్లుబాటులో ఉన్నవని అతడు వ్రాశాడు. అక్కడి రేవు నుండి నూలు వస్త్రాలు ఎగుమతి అవుతున్నవన్నాడు. అదే గ్రంథంలో తూర్పు తీరాన ఉన్న మసాలియా దేశాన్ని, అనగా మన కృష్ణా తీరాన్ని, పేర్కొని అక్కడ సన్నని నూలు బట్టలు విస్తారంగా తయారవుతాయన్నాడు. నేటి సూరత్ తీరమూ, తెలుగు తీరమూ ఒకే గ్రీకు పుస్తకంలో వస్త్రం పేరిటనే కనిపించడం విశేషం. అయితే ఆ బట్టలను నేసినవారెవరో ఆ వర్తకుడు చెప్పలేదు. అతని దేశపు పురాణాలు మాత్రం నేతగత్తెల కథలతో నిండి ఉన్నవి.

గుమ్మానికి కట్టిన ఉన్ని

ఏథెన్స్ పరిసరాలలో మగబిడ్డ పుట్టిన ఇంటి గుమ్మానికి ఆలివ్ కొమ్మల దండ కట్టేవారు. ఆడపిల్ల పుడితే ఉన్ని కట్టేవారు. పుట్టిన క్షణంలోనే ఆ శిశువు జీవితమంతా ఎట్లా గడవనున్నదో వీధికి తెలియజెప్పినట్లయ్యేది. క్సెనొఫోన్ రచించిన ఒక సంభాషణలో ఒక గృహస్థుడు తన భార్య కాపురానికి వచ్చిన నాటి సంగతి చెబుతాడు. అప్పటికి ఆమెకు పదిహేనేండ్లు నిండలేదు. ఉన్ని తీసుకొని వస్త్రం చేయడం తప్ప ఆమెకు పెద్దగా ఏమీ నేర్పలేదట.

న్యూయార్క్‌లోని మెట్రొపాలిటన్ మ్యూజియంలో గ్రీకుల నూనె కూజా ఒకటి ఉన్నది. జానెడు ఎత్తయినా లేని ఆ పాత్రను క్రీస్తుపూర్వం 550–530 ప్రాంతంలో అమాసిస్ చిత్రకారుడు అని పండితులు పిలిచే కళాకారుడు చిత్రించాడు. పాత్ర చుట్టూ స్త్రీలే. కొందరు ఉన్ని తూస్తున్నారు. కొందరు కదురు తిప్పి నూలు తీస్తున్నారు. ఇద్దరు నిలువు మగ్గం వద్ద నిలబడి నేస్తున్నారు. మరికొందరు నేసిన బట్టను మడతపెడుతున్నారు. గ్రీకుల మగ్గం మన గుంట మగ్గం వంటిది కాదు. పడుగు దారాలు పైనుండి వేలాడుతూ, కొసలకు మట్టి గుండ్లు కట్టి ఉంటాయి. నేసే స్త్రీ నిలబడి అటూ ఇటూ నడుస్తూ పేకను పైకి కొట్టి బిగించాలి. దినమంతా కాళ్లమీద నిలిచి చేసే పని అది.

హోమర్ కావ్యాలలో ప్రేమ కథలన్నీ ఈ మగ్గం చుట్టే తిరుగుతాయి. తన కొరకు సాగుతున్న ట్రాయ్ యుద్ధాన్ని హెలెన్ ఊదారంగు వస్త్రంపై బొమ్మలుగా నేస్తుంది. యుద్ధానికి వెళ్తూ హెక్టర్ భార్య ఆండ్రొమకీని ఇంటికి వెళ్లి మగ్గం, కదురు చూచుకొమ్మంటాడు. యుద్ధం పురుషుల పని అంటాడు. భర్త మరణవార్త చేరే వేళకు ఆమె ఆ మగ్గం వద్దనే ఉంటుంది.

అన్నింటిలో ప్రసిద్ధమైనది పెనెలొపీ కథ. ఒడిస్సియస్ తిరిగిరాడని తలచి నూట ఎనిమిది మంది ఆమెను పెండ్లాడదలచి ఇంట తిష్ఠ వేశారు. మామగారైన లయర్టీస్‌కు శవవస్త్రం నేయడం పూర్తికాగానే నిర్ణయం చెబుతానని ఆమె గడువు కోరింది. పగలు నేసింది. రాత్రి దివిటీల వెలుగులో నేసినదంతా విప్పింది. మూడేండ్లు ఈ ఉపాయం సాగింది. నాల్గవ ఏట దాసీ ఒకతె గుట్టు బయటపెట్టింది. ఇటలీలోని కియూసీ మ్యూజియంలో క్రీస్తుపూర్వం 440 ప్రాంతపు పానపాత్ర ఒకటి ఉన్నది. దానిపై పెనెలొపీ మగ్గం ముందు తలవాల్చి కూర్చున్నది. ఎదుట ఈటెలతో కుమారుడు టెలిమకస్ నిలిచి ఉన్నాడు. ఆమె వెనుక సగం నేసిన బట్ట. ఆమె ప్రేమ అంతా ఆ పూర్తికాని భాగంలోనే ఉన్నదని చిత్రకారుడు గ్రహించాడు.

పెనెలొపీకి సైన్యం లేదు, సభలో మాట లేదు. కుమారుడే ఒక సందర్భంలో ఆమెను మగ్గం వద్దకు పొమ్మని ఆజ్ఞాపిస్తాడు. ఆమెకు మిగిలిన సాధనం దారం ఒక్కటే. ఫిలొమెలా కథ ఇంకా దారుణమైనది. అక్కభర్త టీరియస్ ఆమెను చెరచి, నోరు విప్పకుండా నాలుక కోసివేశాడు. ఆమె జరిగిన ఘోరాన్ని వస్త్రంపై నేసి అక్కకు పంపింది. మాట పోయిన స్త్రీకి మగ్గమే మాటయినది.

కదురు పట్టిన వీరుడు

స్త్రీ పనిముట్టును పురుషుడు పట్టితే ఏమగును? గ్రీకులకు ఇది వింతగా, వినోదంగా, కొంత భయంగా కూడా తోచింది. హెరాక్లీస్ అంతటి వీరుడు చేసిన హత్యకు ప్రాయశ్చిత్తంగా లిడియా రాణి ఓంఫలీకి దాసుడయ్యాడు. తరువాతి కవులు, చిత్రకారులు ఈ కథకు మెరుగులు దిద్దారు. రాణి అతని సింహచర్మం ధరించగా, అతడు స్త్రీవేషంలో కదురు పట్టి నూలు వడికాడన్నారు. స్పెయిన్‌లోని లీరియాలో లభించిన క్రీస్తుశకం మూడవ శతాబ్దపు రోమన్ మొజాయిక్ ఒకటి మాడ్రిడ్ మ్యూజియంలో ఉన్నది. చుట్టూ హెరాక్లీస్ పన్నెండు సాహసాలు. నడుమ మాత్రం ఓంఫలీ ఎదుట కదురు పట్టిన హెరాక్లీస్!

అకిలీస్ కథా ఇటువంటిదే. యుద్ధంలో మరణిస్తాడన్న భయంతో తల్లి అతనికి ఆడపిల్ల వేషం వేసి స్కైరోస్ రాజు కుమార్తెల నడుమ దాచింది. ఒడిస్సియస్ కానుకల నడుమ ఆయుధాలు ఉంచగా, అకిలీస్ చేయి నగలను వదిలి ఆయుధంవైపు పోయి గుట్టు బయటపడింది. మన పాఠకులకు ఇక్కడ బృహన్నల గుర్తుకు రాకమానదు. విరాటుని కుమార్తెకు నాట్యం నేర్పుతూ అజ్ఞాతవాసం గడిపిన అర్జునుడు ఉత్తర గోగ్రహణ వేళ గాండీవం అందుకున్నాడు. అయితే మన కథలో ఒక మెలిక ఉన్నది. యుద్ధానికి వెళ్తున్న బృహన్నలను ఉత్తర కోరినది బొమ్మలకు కట్టడానికి కౌరవుల సన్నని వస్త్రాలు! అర్జునుడు ఆ కోరికను మరువలేదు.

స్త్రీ, పురుషుల పనుల విభజన ప్రకృతిసిద్ధం కాదేమో అన్న అనుమానం గ్రీకులకు కలుగకపోలేదు. ఈజిప్టులో స్త్రీలు అంగడికి వెళ్లి బేరసారాలు చేస్తారని, పురుషులు ఇంట కూర్చుండి బట్ట నేస్తారని హెరొడోటస్ ఆశ్చర్యపడి వ్రాశాడు. పేకను అందరూ పైకి కొడితే వారు క్రిందికి కొడతారని కూడా గమనించాడు. తన దేశాచారమే లోకధర్మమని నమ్మినవానికి పరదేశపు మగ్గం కొత్త పాఠం నేర్పింది. క్రీస్తుపూర్వం 411లో అరిస్టొఫనీస్ ‘లిసిస్ట్రటా’ నాటకంలో మరొక అడుగు ముందుకు వేశాడు. చిక్కుపడిన ఉన్నిని విడదీసే నేర్పుతో రాజ్యపు చిక్కులను కూడా విడదీయవచ్చునని అందులోని నాయిక పురుషాధికారికి బోధిస్తుంది. ప్రేక్షకులు నవ్వి ఉంటారు. కాని ఆ తరువాత ప్లేటో కూడా రాజనీతిని వివరించడానికి నేతపనినే ఉపమానంగా ఎన్నుకున్నాడు.

తామరతూడు నూలు

ఇక తెలుగు నేతగాని పురాణం చూద్దాం. దేవతలకు వస్త్రం కావలసివచ్చింది. మార్కండేయ మహర్షి చేసిన యజ్ఞం నుండి భావనాఋషి ఉద్భవించాడు. తామరతూడు నారతో నూలు తీసి దేవతలకు బట్ట నేశాడు. సూర్యుని కుమార్తె భద్రావతిని వివాహమాడాడు. వారి సంతతి నుండి పద్మశాలీల నూటొక్క గోత్రాలు ఏర్పడ్డాయని చెబుతారు. పాఠాంతరాలు ఎన్ని ఉన్నా మూలం ఇదే. దేవాంగుల మూలపురుషుడైన దేవల మహర్షి కథలోనూ ఆదినేతగాడు పురుషుడే. గ్రీకులకు నేత నేర్పిన దైవం అథీనా అనే దేవత. మనకు నేర్పినది ఋషి.

తెలంగాణలో ఈ భావనాఋషి కథను కూనపులివారు పటం విప్పి పద్మశాలీలకు గానం చేసేవారు. ఆ పటాలను చిత్రించినవారు చేర్యాల నకాషీలు. గ్రీకు కుండపై పెనెలొపీ ఏమో, నకాషీ పటంపై భావనాఋషి అది. ప్రతి సమాజమూ తన నేతగాని రూపాన్ని తన చేతికందిన రంగులతో వ్రాసుకున్నది.

కాని పటంలో లేనిది ఇంట్లో ఉన్నది. పురుషుడు గుంట మగ్గంలో కూర్చుండి నాడె విసరడానికి ముందు ఎంత పని జరగాలి! నూలు చిక్కు తీయాలి, కండెలు చుట్టాలి, పడుగు సాగదీసి గంజి పెట్టాలి. ఇందులో చాలా భాగం తల్లి, భార్య, కూతురు చేసే పని. పోచంపల్లి తరహా చీరకు ఆసు పోయడం వీటన్నింటిలో కఠినమైనది. అర్ధచంద్రాకారంగా అమర్చిన మేకుల చుట్టూ చేతితో దారం తిప్పుతూ పోవాలి. ఒక్క చీరకు సుమారు తొమ్మిదివేల మార్లు చేయి మీటరు దూరం పైకీ క్రిందికీ ఆడాలి. నాలుగైదు గంటలు పట్టే ఈ పనితో భుజం కీలు అరిగిపోతుంది.

నల్లగొండ ప్రాంతంలోని శారాజీపేట గ్రామానికి చెందిన చింతకింది మల్లేశం తన తల్లి లక్ష్మి ఈ బాధ పడటం చూచి సహించలేకపోయాడు. చదువు అంతంతమాత్రమే. ఇంజనీరింగు తెలియదు. అయినను 1992లో పూనుకొని, అప్పులు, అవహేళనలు ఓర్చి, 1999లో ఆసు పోసే యంత్రాన్ని పూర్తిచేశాడు. చీరకు పట్టే కాలం గంటన్నరకు తగ్గింది. యంత్రానికి అతడు పెట్టిన పేరు లక్ష్మి. 2017లో భారత ప్రభుత్వం అతనికి పద్మశ్రీ ఇచ్చింది. పురాణానికెక్కని చేయి ఒకటి, కుమారుని ప్రేమ వలన, ఆ విధంగా పేరుకెక్కింది.

నేతగాడు అనగానే మన కంటిముందు పురుషుడే మెదలుతాడు. కాని 2019–20 నాటి నాలుగవ అఖిల భారత చేనేత గణన మరొక విధంగా చెబుతున్నది. దేశంలో చేనేత, అనుబంధ పనులలో ఉన్న ముప్పై అయిదు లక్షల మందిలో నూటికి డెబ్బై మందికి పైగా స్త్రీలు. అస్సాం, మణిపూర్ రాష్ట్రాలలో మగ్గంపై నేసేది స్త్రీయే. అక్కడి ఆడపిల్లకు నేత రాకపోవడమే లోటు. ఒకే దేశంలోనే ఏథెన్స్ ధర్మమూ, భావనాఋషి ధర్మమూ పక్కపక్కనే వర్ధిల్లుతున్నాయన్నమాట!

సూరత్‌లో నాడెను చేయి విసరదు, విద్యుత్తు నడుపుతుంది. పన్నెండేసి గంటలు నిలబడి మరమగ్గాలను కనిపెట్టి ఉండేవారిలో అత్యధికులు పురుషులే. వలస కార్మికుల ఇండ్లలో అదే చీరలకు మిగులు దారాలు కత్తిరిస్తూ, అంచులు కుడుతూ, రాళ్లు అతికిస్తూ ఉన్నవారు స్త్రీలు. ముక్కకు ఇంత అని లభించే ఆ కూలి ఏ కార్ఖానా లెక్కలోనూ చేరదు. వంటకూ పిల్లలకూ నడుమ దొరికిన వేళలో చేసే పని గనుక దానిని పనిగా ఎంచడం కూడా అరుదు.

గ్రీకులు స్త్రీని మగ్గానికి కట్టివేశారు. కాని ఆమె చేసిన పనిని కుండలపై చిత్రించి, కావ్యాలలో కీర్తించి నిలిపారు. మనవారు నేతగానిని ఋషిని చేసి గౌరవించారు. కాని అతని పక్కన కండె చుట్టిన భద్రావతులను పెండ్లి ఘట్టంతోనే సరిపెట్టారు. పడుగు లేని పేక, పేక లేని పడుగు బట్ట కాజాలవని నేతయింటి పసిబిడ్డకు కూడా తెలుసు. నవాగామ్‌లోనో, సిరిసిల్లలోనో ఇకమీదట కూనపులి పటం విప్పే అవకాశం ఎవరికైనా కలిగితే, ఆసు పోస్తున్న స్త్రీ చేతికి కూడా అందులో కొంత చోటు కల్పించడం న్యాయం.