గాలిమరకున్న కాగితం ధాన్యానికేదీ?

మన రాయవరం పొలం గట్టు మీద నిలబడి చూస్తే గాలిమరలు కనిపించవు. అవి అనంతపురం, కర్నూలు కొండల మీద తిరుగుతుంటాయి. అయినా వాటిని తయారుచేసిన ఒక కంపెనీ కథ మనం తెలుసుకోవాలి. అందులో మన ధాన్యం ధర సంగతి కూడా ఉంది.

చెన్నై కేంద్రంగా 2006లో రీజెన్ పవర్‌టెక్ మొదలైంది. జర్మనీ పరిజ్ఞానంతో ఒకటిన్నర మెగావాట్ల గాలిమరలను మన రాష్ట్రంలోనే, తడ దగ్గర తయారుచేసింది. కొన్నేళ్లలోనే దేశంలోని పెద్ద తయారీదారుల సరసన చేరింది.

ఆ రోజుల్లో గాలి కరెంటుకు విద్యుత్ నియంత్రణ మండలి ఖర్చు లెక్కగట్టి, దానిపై లాభం కలిపి రేటు కట్టేది. మన రాష్ట్రంలో అది యూనిట్‌కు రూ.4.84 దాకా వెళ్లింది. ఆ రేటుకు 25 ఏళ్లు కొంటామని డిస్కంలు ఒప్పందం రాసిచ్చేవి. ఆ కాగితం చూసే బ్యాంకులు అప్పులిచ్చాయి, గాలిమరలకు ఆర్డర్లు వచ్చాయి. 2016-17లో దేశంలో సుమారు 5,500 మెగావాట్ల గాలిమరలు లేచాయి.

2017 ఫిబ్రవరిలో కేంద్రం వేలం పద్ధతి తెచ్చింది. ఎవరు తక్కువకు పాడితే వారికే అవకాశం. మొదటి వేలంలో రేటు రూ.3.46కు, డిసెంబరులో గుజరాత్ వేలంలో రూ.2.43కు దిగింది. 2017-18లో కొత్త గాలిమరలు 1,800 మెగావాట్లు కూడా దాటలేదు. ఆర్డర్లు ఆగిపోయాయి. 2019 చివరికి రీజెన్ దివాలా ప్రక్రియలోకి వెళ్లింది. అంతకన్నా పెద్దదైన సుజ్లాన్ సైతం అదే ఏడాది విదేశీ బాండ్ల బాకీ తీర్చలేకపోయింది. 2020లో బ్యాంకులు అప్పులు సర్దుబాటు చేశాకే గట్టెక్కింది. అప్పుల భారం ముందు నుంచీ ఉన్నదే. రేటు హామీ పోయాక దాన్ని మోయడం వాటి వల్ల కాలేదు.

మేము కంపెనీల తరఫున మాట్లాడటం లేదు. కరెంటు చౌకగా దొరికితే జనానికి మంచిదే. మా ప్రశ్న వేరు. వందల కోట్ల కంపెనీయే రేటు హామీ లేక మూడేళ్లు నిలవలేకపోతే, రెండెకరాల కౌలు రైతు ఏటేటా ఎలా నిలబడాలి?

ఆ కాగితం బలమెంతో కూడా చూశాం. 2019లో రాష్ట్ర ప్రభుత్వం పాత ఒప్పందాల రేట్లు తగ్గించబోతే కరెంటు ఉత్పత్తిదారులు హైకోర్టుకు వెళ్లారు. ఒప్పందంలో ఉన్న రేటే చెల్లించాలని 2022 మార్చిలో తీర్పు వచ్చింది.

మన చేతిలో ఏముంది? 2025-26కు సాధారణ రకం ధాన్యానికి మద్దతు ధర క్వింటాకు రూ.2,369. అంటే 75 కిలోల బస్తాకు సుమారు రూ.1,777. తేమ ఎక్కువుందని, సంచులు లేవని తిప్పి పంపితే, కళ్లంలో ధాన్యం తడవకముందే వచ్చిన రేటుకు తెగనమ్ముకుంటాం. తగ్గిన సొమ్ము ఇప్పించమని ఏ కోర్టుకు వెళ్లగలం? మద్దతు ధర ఒక ప్రకటనే తప్ప చట్టం కాదు.

గిట్టుబాటు లేక 2011 సార్వాలో కోనసీమ రైతులు పంట విరామం ప్రకటించారు. అప్పుడు మోహన్ కందా కమిటీ వేశారు. ఢిల్లీ రైతు పోరాటం తర్వాత 2022లో కేంద్రం మద్దతు ధరపై ఇంకో కమిటీ వేసింది. కమిటీలు వచ్చాయి గానీ చట్టం రాలేదు.

అందుకే మేము అడిగేవి మూడు. మద్దతు ధరకు చట్టబద్ధత కల్పించాలి. నాట్లకు ముందే, ఎంత ధాన్యం ఏ రేటుకు కొంటారో రైతు సేవా కేంద్రంలో రాసివ్వాలి; సాగు చేసేది కౌలు రైతైతే అతని పేరునే రాయాలి. సొమ్ము ఆలస్యమైతే వడ్డీతో చెల్లించాలి.

ప్రతి గ్రామ శాఖా దీనిపై తీర్మానం చేసి తహసీల్దారుకు అందజేయాలి. గాలి కరెంటుకు 25 ఏళ్లకు రాసిచ్చిన ప్రభుత్వాలు మన ధాన్యానికి ఒక్క పంటకాలానికైనా రాసివ్వాలి.