జిప్ ఫైలు వెర్షన్ కంట్రోల్ కాదు మహాప్రభో!

మన ఐటీ జనాలకి ఓ వింత జబ్బు ఉంది. ఆఫీసులో ఒక్క లైను మార్చినా రివ్యూ లేకుండా కదలనివ్వరు. అదే మనుషులు శని, ఆదివారాల్లో సరదాగా గేమ్ మొదలుపెడితే మాత్రం "ఫైనల్", "ఫైనల్ 2", "ఇదే అసలు ఫైనల్" అంటూ జిప్ ఫైళ్ళు పేరుస్తారు. అదేంటంటే "ఉన్నది ఇద్దరమే కదా, గిట్ ఎందుకండీ?" అంటారు. ఒకరు కట్టిన సీనుని ఇంకొకరు చెరిపెయ్యడానికి ఇద్దరు చాలండీ బాబూ!

రెండో సాకు: "గేమంటే బొమ్మలు, మోడళ్ళు, పాటలు. గిట్ వాటికి పనికిరాదు." ఇందులో సగం నిజం ఉంది. బైనరీ ఫైళ్ళలో ఇద్దరి మార్పుల్ని గిట్ కలపలేదు, పైగా ప్రతి మార్పుతో రిపాజిటరీ బరువెక్కుతుంది. దీనికి మందు 2015లోనే వచ్చింది, గిట్ ఎల్ఎఫ్ఎస్. పెద్ద ఫైళ్ళని విడిగా దాచి, రిపాజిటరీలో చిన్న గుర్తు మాత్రం ఉంచుతుంది. మీరు పని చేస్తున్న ఫైలుకి తాళం కూడా వేసుకోవచ్చు. పెద్ద పెద్ద స్టూడియోలు పెర్ఫోర్స్ వాడతాయి, నిజమే. మనకంత సీనుందా?

అయితే ఇదంతా మొదటి రోజే చెయ్యాలి. ముందే కమిట్ అయిపోయిన ఫైళ్ళు తర్వాత ఎల్ఎఫ్ఎస్ పెట్టినంత మాత్రాన చరిత్రలోంచి పోవు, చరిత్రనే తిరగరాయాలి. 100 ఎంబీ దాటిన మామూలు ఫైలుని గిట్‌హబ్ అసలు తీసుకోదు. యూనిటీలో లైబ్రరీ ఫోల్డరుని వదిలెయ్యండి, అది మళ్ళీ తయారవుతుంది. మెటా ఫైళ్ళని మాత్రం వదలొద్దు. అవి పోతే సీన్లలో లింకులు తెగుతాయి. గోడోలో సీన్లు మామూలుగా టెక్స్టే కాబట్టి ఏం మారిందో కంటితో చదువుకోవచ్చు.

నాకు ఒళ్ళు మండేది మూడో సాకుకి: "మా ఊళ్ళో నెట్ సరిగా ఉండదు." మాది కోడూరు. కమిట్ చెయ్యడానికి, బ్రాంచి తియ్యడానికి నెట్ అక్కర్లేదు. అవనిగడ్డ వెళ్ళినప్పుడు పుష్ చేసినా చాలు, కానీ చెయ్యాలి. 1977 నవంబరు 19 ఉప్పెన ఇళ్ళకి ఇళ్ళనే ఊడ్చుకుపోయిన దివిసీమ మాది. ఉన్నదంతా ఒక్క చోటే ఉంచుకోవద్దని మాకు ఇంకొకరు చెప్పక్కర్లేదు.

లాప్‌టాప్ పోతే మీ కోడ్ మీరు మళ్ళీ రాసుకుంటారు. మిమ్మల్ని నమ్మి ఆర్నెల్లు బొమ్మలు గీసిన స్నేహితుడి సంగతేంటి? ఆ అరగంట ఓపిక లేనివాళ్ళు దయచేసి ఇంకొకరి చేత పని చేయించుకోకండి.