కిలో మందుకు ఎన్ని కిలోల వ్యర్థం?

బల్క్ డ్రగ్ ఫ్యాక్టరీలో కొత్తగా చేరిన కెమిస్టుకు ముందు నేర్పేది ఈల్డ్ లెక్క. రియాక్టర్‌లో ఎంత ముడిసరుకు పోశాం, డ్రయ్యర్ నుంచి ఎంత పొడి దిగింది, పోయిన బ్యాచ్ కంటే పెరిగిందా, తగ్గిందా? బాలానగర్‌లో మొదలుపెట్టి జీడిమెట్ల, బొల్లారం దాకా నా ఉద్యోగమంతా ఆ లెక్కతోనే గడిచింది. సెంట్రిఫ్యూజ్ ఆగాక గుడ్డలో మిగిలేది సరుకు, కిందికి కారేది మదర్ లిక్కర్. సరుకును గ్రాముల దాకా తూచేవాళ్లం. మదర్ లిక్కర్ గురించి మాత్రం బ్యాచ్ షీట్‌లో ‘ఈటీపీకి పంపడమైనది’ అని, అంటే వ్యర్థజల శుద్ధి యూనిట్‌కు పంపామని, ఒక్క వాక్యం రాస్తే పని అయిపోయేది. అందులో ఏముందో, ట్యాంకర్ ఎక్కి ఎటు పోయిందో షిఫ్ట్ కెమిస్టును అడిగేవాళ్లు లేరు.

ఆ లెక్క కూడా రాయించాలి. రాసి అందరి ముందూ పెట్టాలని చట్టం చెయ్యాలి. రసాయన పరిశ్రమ చరిత్ర చదివేకొద్దీ నాకు ఈ అభిప్రాయం గట్టిపడుతూ వచ్చింది.

ఆధునిక రసాయన పరిశ్రమ పుట్టింది సోడాతో. సబ్బుకు, గాజుకు, బట్టల చలువకు సోడా కావాలి. ఉప్పు నుంచి దాన్ని చేసే పద్ధతికి నికొలస్ లెబ్లాంక్ అనే ఫ్రెంచి వైద్యుడు 1791లో పేటెంట్ పొందాడు. ఉప్పును గంధకామ్లంతో కాచి, వచ్చినదాన్ని బొగ్గు, సున్నపురాయితో కలిపి కొలిమిలో మాడ్చడమే ఆ పద్ధతి. విప్లవంలో అతని ఫ్యాక్టరీ పోయింది. 1806లో అతను ఆత్మహత్య చేసుకున్నాడు. పద్ధతి మాత్రం ఇంగ్లండు చేరి లివర్‌పూల్, సెయింట్ హెలెన్స్, విడ్నెస్ ఊళ్లలో వేళ్లూనుకుంది. దాని సమీకరణాన్ని నేను ఎన్నోసార్లు కాగితం మీద వేసి చూశాను. 106 కిలోల సోడా దిగితే, కాగితం లెక్కలోనే 73 కిలోల హైడ్రోక్లోరిక్ ఆమ్ల వాయువు, 72 కిలోల కాల్షియం సల్ఫైడ్ మిగులుతాయి. సరుకు కంటే వ్యర్థమే ఎక్కువ. వాయువును పొగగొట్టంలోంచి వదిలేశారు. చుట్టుపక్కల పొలాలు మాడాయి, చెట్లు ఎండాయి. సల్ఫైడ్‌ను గుట్టలుగా పోశారు. వాన తడికి ఆ గుట్టల నుంచి కుళ్లిన గుడ్ల కంపు వచ్చేది.

దీనికి విరుగుడు తెలియక కాదు. 1836లోనే విలియం గోసేజ్ అనే ఆయన పాడుబడ్డ గాలిమర గోపురంలో చెట్ల కొమ్మలు నింపి, పైనుంచి నీళ్లు జల్లి, కిందినుంచి వాయువు పంపాడు. ఆమ్లం నీళ్లలో కరిగి దిగిపోయింది. ఈనాటి మన స్క్రబ్బర్లు చేసేదీ అదే పని. అయినా చాలామంది యజమానులు ముట్టుకోలేదు, ఎందుకంటే పక్క ఫ్యాక్టరీ వాడు ఆ ఖర్చు పెట్టడం లేదు. 1863లో బ్రిటిష్ పార్లమెంటు ఆల్కలీ చట్టం చేసింది. ఆ వాయువులో నూటికి 95 పాళ్లు పట్టి తీరాలని చెప్పి, రాబర్ట్ ఆంగస్ స్మిత్ అనే రసాయన శాస్త్రవేత్తను తొలి ఇన్‌స్పెక్టర్‌గా వేసింది. చట్టం అందరికీ ఒక్కటే కావడంతో అంతకాలం కుదరదన్న పని చాలాచోట్ల ఏడాది తిరక్కుండానే కుదిరింది. కొన్నేళ్లకు వెల్డన్, డీకన్ అనే ఇద్దరు ఆ ఆమ్లం నుంచి క్లోరిన్ తీసే దారులు కనిపెట్టారు. క్లోరిన్ బ్లీచింగ్ పౌడర్ అయింది. తర్వాత సాల్వే పద్ధతి చవకగా సోడా తెచ్చి మీద పడినప్పుడు, పాత ఫ్యాక్టరీలను చాలాకాలం నిలబెట్టింది ఆ బ్లీచింగ్ పౌడర్ అమ్మకమే.

చట్టంలో రెండు కంతలు ఉండేవి. మనకు పనికొచ్చే పాఠం నాకు అక్కడే కనబడుతుంది. చట్టం గాలినే చూసింది కాబట్టి పట్టిన ఆమ్లాన్ని చాలామంది వాగుల్లోకి వదిలారు. అది వెళ్లి సల్ఫైడ్ వ్యర్థంతో కలిసి విషవాయువు లేచింది. రెండోది, చట్టం శాతం లెక్క పెట్టింది. ఫ్యాక్టరీలు పెరిగేకొద్దీ తప్పించుకునే ఆ అయిదు పాళ్లూ పెరిగాయి. అందుకే 1874లో చట్టాన్ని సవరించి, ఘనపుటడుగు గాలిలో ఇంతకు మించరాదని పెట్టాల్సి వచ్చింది.

ఇప్పుడు మన సంగతికి వస్తాను. సోవియట్ సాయంతో బాలానగర్‌లో ప్రభుత్వ మందుల సంస్థ ఐడీపీఎల్ వచ్చింది. అక్కడ పని నేర్చిన ఎందరో తర్వాత సొంత ఫ్యాక్టరీలు పెట్టారు. డాక్టర్ రెడ్డీస్ స్థాపించిన అంజిరెడ్డి గారూ అక్కడ పనిచేసినవారే. 1970 పేటెంట్ల చట్టం మందుకు కాకుండా దాన్ని తయారుచేసే పద్ధతికే పేటెంట్ అనడంతో, కొత్త పద్ధతి పట్టుకున్న ప్రతి కెమిస్టుకూ తలుపు తెరుచుకుంది. పేదవాడికి మందు అందుబాటులోకి రావడంలో మన చెమట ఉంది. అందుకు నాకు గర్వంగా ఉంటుంది. ఆ గర్వమే పటాన్‌చెరు వైపు చూసినప్పుడల్లా గుండెలో కెలుకుతుంది.

పటాన్‌చెరు పక్కన పారే నక్కవాగు మంజీరలో కలుస్తుంది. ఆ వాగునూ, దాని ఒడ్డున పొలాలనూ, కాజీపల్లి లాంటి చెరువులనూ ఫ్యాక్టరీల నీళ్లు ఏం చేశాయో చూసిన డాక్టర్ అల్లాని కిషన్ రావు గారు తన రోగుల తరఫున దశాబ్దాలు పోరాడారు. 1990లోనే వ్యవహారం సుప్రీంకోర్టుకెక్కింది. ఉమ్మడి శుద్ధి కేంద్రం కట్టారు. ఆ కేంద్రం శుద్ధి చేసి వదిలిన నీటిని పరీక్షించిన ఫలితాలను స్వీడన్ శాస్త్రవేత్త యోకిమ్ లార్సన్ బృందం 2007లో ప్రచురించింది. అప్పట్లో దాదాపు 90 ఫ్యాక్టరీల నీళ్లు అక్కడికి వచ్చేవి. లీటరు నీటిలో 31 మిల్లీగ్రాముల దాకా సిప్రోఫ్లోక్సాసిన్ అనే యాంటీబయాటిక్ తేలింది. ఆ మాత్ర వేసుకున్న మనిషి రక్తంలో ఉండేదానికంటే అది ఎక్కువ. రోజుకు సుమారు 45 కిలోల మందు వాగు పాలవుతోందని వాళ్ల అంచనా. అలాంటి నీళ్లలో బతకడం నేర్చిన సూక్ష్మక్రిములు ఫ్యాక్టరీ ప్రహరీ దగ్గర ఆగవు.

ఫ్యాక్టరీ నీళ్లలో కొలవాల్సిన వాటి జాబితాలో యాంటీబయాటిక్ లేదు. సేంద్రియ కాలుష్యాన్ని తెలిపే సీఓడీ ఉంది, కరిగిన లవణాలను తెలిపే టీడీఎస్ ఉంది. ఆంగస్ స్మిత్ కాలంలో ఆమ్లం వాగు పట్టినట్టే, చట్టం పేరెత్తని పదార్థం ఇక్కడా దారి చూసుకుంది. యాంటీబయాటిక్ అవశేషాలకు పరిమితులు పెడుతూ కేంద్ర పర్యావరణ శాఖ 2020 జనవరిలో ముసాయిదా తెచ్చింది. 2021లో వచ్చిన తుది నోటిఫికేషన్‌లో ఆ పరిమితులు లేవు. ఇది నాకు మింగుడుపడదు.

పైగా మన పరిమితుల్లో చాలావరకు లీటరుకు ఇంత అనే లెక్కలే. లీటరు లెక్కను బోరు నీళ్లతో దించవచ్చు. నేను పనిచేసిన ఒకచోట శాంపిల్ తీసే రోజు ఆ పని జరగడం కళ్లారా చూశాను. ఇక చుక్క నీరు బయటికి వదలం అనే జీరో లిక్విడ్ డిశ్చార్జ్ ఉంది. మంచిదే. నీళ్లు ఆవిరైపోయాక మిగిలిన ఉప్పు దుండిగల్‌లోని ప్రమాదకర వ్యర్థాల కేంద్రానికి చేరుతుంది. వాగును తప్పించిన బరువు నేల మీద పడింది.

నీళ్లు కలిపినా, చోటు మార్చినా మారని లెక్క ఒకటి ఉంది. రోజర్ షెల్డన్ అనే రసాయన శాస్త్రవేత్త 1992లో దాన్ని ప్రతిపాదించాడు. దాని పేరు ఈ-ఫ్యాక్టర్. కిలో సరుకుకు ఎన్ని కిలోల వ్యర్థం అన్నదే ఆ లెక్క, అందులోకి నీళ్లు రావు. ఆయన చూపిన అంకెల్లో చమురు శుద్ధికి 0.1 కూడా లేదు. భారీ రసాయనాలకు 1 కంటే తక్కువ నుంచి 5 దాకా. మందులకు 25 నుంచి 100, ఒక్కోసారి ఇంకా పైన. మా బ్యాచ్ షీట్లలో నేను చూసిన సాల్వెంట్ వాడకాన్ని తలచుకుంటే ఈ అంకెలు నాకు ఆశ్చర్యం అనిపించవు.

ఆ లెక్క బయటపెడితే తయారీ రహస్యం పోతుందని యాజమాన్యాలు అంటాయి. పోదు. ఒక నిష్పత్తిని చూసి ఏ రియాక్షన్ ఏ ఉష్ణోగ్రతలో నడిపారో ఎవరూ చెప్పలేరు. చైనా ధరలతో పోటీ పడలేమని కూడా అంటారు. కానీ వ్యర్థం తగ్గితే ఖర్చూ తగ్గుతుంది. అందరికీ తెలిసిన ఇబుప్రొఫెన్ మాత్రనే చూడండి. బూట్స్ కంపెనీ పాత పద్ధతిలో ఆరు మెట్లు, వేసిన అణువుల బరువులో సుమారు 40 శాతమే మందులోకి చేరేది. 1992లో టెక్సస్‌లో మొదలైన కొత్త పద్ధతి మూడు మెట్లలో ముగుస్తుంది, 77 శాతం చేరుతుంది. కాలువలోకి పోయే సాల్వెంట్ డబ్బు పెట్టి కొన్నదే. దాన్ని తిరిగి పట్టే కెమిస్టులు మన హైదరాబాద్‌లో కావలసినంత మంది ఉన్నారు. వాళ్లకు ఆ పని అప్పజెప్పే ఒత్తిడి పైనుంచి లేదు.

తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ కాలుష్య నియంత్రణ మండళ్లను అడిగేది ఇదీ. ఫ్యాక్టరీకి అనుమతి పునరుద్ధరించేటప్పుడు ప్రతి మందుకూ కిలోకు ఎంత సాల్వెంట్ కొన్నారు, ఎంత తిరిగి పట్టారు, ఎంత ఉప్పు, ఎంత బురద, ఎంత మదర్ లిక్కర్ వచ్చింది, ఏది ఎక్కడికి పోయింది అని రాయించండి. యాంటీబయాటిక్ చేసేవాళ్లు నీటిలో దాని అవశేషం ఎంతో కూడా చూపాలి. ఆ కాగితాన్ని మండలి వెబ్‌సైట్‌లో పెట్టండి, తెలుగులో ఆ ఊరి పంచాయతీ కార్యాలయంలో అంటించండి. కొనుగోలు బిల్లులతో సరిపోల్చి చూడటానికి రసాయన శాస్త్రం చదివిన ఇన్‌స్పెక్టర్లను వేయండి. ఇందులో సగం అంకెలు ఫ్యాక్టరీల స్టోర్స్ రిజిస్టర్లలో ఇప్పటికే ఉన్నాయి.