ఒంటరి కళాకారుల సంగీత చిత్రాలు: కెమెరా చౌక, హక్కులు ఖరీదు

సూరత్: తాపీ నదికి ఆవలి ఒడ్డున ఉన్న అఠ్వాతో అడాజన్‌ను కలిపే కేబుల్ వంతెన పాటల చిత్రీకరణకు అనువైన దృశ్యమే. పాట రాసి, బాణీ కట్టి, పాడి, సెల్‌ఫోన్‌తో చిత్రీకరించి, కూర్పు కూడా ఒక్కరే చేసుకోవడం నేడు సాధ్యం. అయితే పరికరం చౌకైనంత మాత్రాన పాట సొంతమైపోదు.

1957 నాటి కాపీరైట్ చట్టం దృష్టిలో సాహిత్యం, స్వరరచన, శబ్దముద్రణ, దృశ్యచిత్రం నాలుగూ వేర్వేరు సృజనలు. చొరవ తీసుకుని బాధ్యత వహించిన నిర్మాతకే శబ్దముద్రణపైన, చిత్రంపైన కర్తృత్వం దక్కుతుంది. కనుక మిత్రుడు కెమెరా పట్టినా, సొంత పాటతో చిత్రం తీసిన కళాకారుడికి సాధారణంగా నాలుగు హక్కులూ ఉంటాయి. అదే ఇతరులు డబ్బిచ్చి తీయించుకున్న చిత్రమైతే, వేరే ఒప్పందం లేనప్పుడు తొలి యాజమాన్యం వారిదే.

చిక్కు అరువు తెచ్చుకున్న చోట మొదలవుతుంది. 2012 సవరణతో వచ్చిన 31సి సెక్షన్, తొలి ముద్రణ జరిగి ఐదేళ్లు గడిచిన పాటను ముందస్తు నోటీసు, రాయల్టీలతో మళ్లీ పాడి ముద్రించుకోనిస్తుంది. ఈ వెసులుబాటు శబ్దముద్రణకే పరిమితం. ఆ పాటకు దృశ్యం జోడించాలంటే హక్కుదారుల అనుమతి విడిగా పొందవలసిందే. అంతర్జాలంలో దొరికే ‘ఉచిత’ వాద్య నేపథ్యాల షరతులనూ చదవాలి. అదే నేపథ్యాన్ని మరొకరు ముందే తమదిగా నమోదు చేసుకుంటే, సొంత పాటపైనే అభ్యంతరం రావచ్చు.

ఆదాయమూ సులభం కాదు. యూట్యూబ్ ప్రకటనల్లో వాటా దక్కాలంటే వెయ్యి మంది చందాదారులతో పాటు ఏడాదిలో 4,000 గంటల వీక్షణ ఉండాలి. లేదా 90 రోజుల్లో షార్ట్స్‌కు కోటి వీక్షణలు రావాలి. నాలుగు నిమిషాల పాటతో మొదటి షరతును చేరాలంటే, దానిని 60,000 సార్లు పూర్తిగా చూడాలి.

జౌళి పనికై తెలంగాణ నుంచి తరలివెళ్లిన కుటుంబాలు సూరత్‌లో స్థిరపడ్డాయి. అక్కడి నగరపాలక సంస్థ తెలుగు మాధ్యమ పాఠశాలలనూ నడుపుతోంది. ఆ పిల్లలు తమ బతుకును తమ తెలుగులోనే పాడుకోగల మార్గం ఇటువంటి చిన్న చిత్రం. సంస్థలేవైనా పాటను కొంటామంటే, హక్కుల బదిలీకి రాతపూర్వక ఒప్పందం తప్పనిసరి. అందులో గడువు రాయకుంటే ఐదేళ్లుగా, ప్రాంతం రాయకుంటే భారతదేశానికే పరిమితంగా చట్టం పరిగణిస్తుంది. ఎంత కాలానికి, ఎక్కడెక్కడికి ఇస్తున్నామో చూసుకోకుండా చేసే సంతకం, ఏళ్ల శ్రమను ఒక్క పూటలో పరాధీనం చేయగలదు.