మాట మారితే మతలబు మారుతుంది

"నా మొగుడు కొట్టి, నడిరాత్రి ఇంట్లోంచి గెంటేశాడు" అని ఒక స్త్రీ చెబుతుంది. కాగితం మీదికొచ్చేసరికి అది "భార్యాభర్తల మధ్య మనస్పర్థల కారణంగా ఫిర్యాది పుట్టింట ఉంటున్నది" అవుతుంది. విషయం అదే, కాస్త మర్యాదగా రాశామంటారు రాసినవారు. కానీ కొట్టినవాడు ఆ వాక్యంలోంచి మాయమయ్యాడు. గెంటివేయబడిన మనిషి తనంతట తాను వెళ్ళిపోయినదయ్యింది. "చేయి పట్టుకుని లాగాడు" అన్నదాన్ని "అసభ్యంగా ప్రవర్తించాడు" అని మార్చినా ఇంతే. మొదటిది జరిగిన పని. రెండవది రాసినవారి అభిప్రాయం.

ఒక్క మాట ఎంత పని చేస్తుందో మన ఉద్దానం ప్రాంతానికి ఎవరూ చెప్పనక్కర్లేదు. సోంపేట ప్రజలకు అది బీల. చేపలకు, వరికి, పశువులకు ఆధారమైన నీటినేల. థర్మల్ విద్యుత్ కేంద్రానికి ఇవ్వవలసి వచ్చేసరికి ప్రభుత్వ కాగితాల్లో అది పనికిరాని భూమి అయింది. ఆ మార్పును ఎదిరించిన జనంపై 2010 జూలై 14న కాల్పులు జరిగి ప్రాణాలు పోయాయి. పర్యావరణ అనుమతిని జాతీయ పర్యావరణ అప్పిలేట్ అథారిటీ రద్దు చేసిందీ ఆ రోజే. మరుసటి ఏడాది ఫిబ్రవరిలో టెక్కలి దగ్గర కాకరాపల్లి బీల కోసమూ రక్తం చిందింది. రెండు ఉద్యమాల్లోనూ స్త్రీలు ముందు నిలిచారు.

తప్పు అధికారులదే అనుకుంటే మనల్ని మనం మోసగించుకున్నట్టే. పలాసలో జీడిపిక్కలు కొట్టే స్త్రీ "సొన అంటి చేతులు కాలిపోతున్నాయి" అంటే, మన నివేదికలో అది "వృత్తిపరమైన చర్మ సమస్య" కావడం లేదా? హక్కు ఉన్న మనిషిని "లబ్ధిదారు" అని రాయడం లేదా?

మాటలు మార్చకూడదని కాదు. 2023 ఆగస్టులో సుప్రీంకోర్టు లింగ వివక్షతో కూడిన మూసపదాలపై ఒక కరదీపిక వెలువరించింది. "ఈవ్ టీజింగ్" అనవద్దు, వీధుల్లో లైంగిక వేధింపు అనండి అంది. అక్కడ కొత్త మాట నేరాన్ని బయటపెట్టింది. మనం చూడవలసిన తేడా ఇదే: మారిన మాట నిజాన్ని చూపుతున్నదా, కప్పుతున్నదా?

2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 173వ సెక్షన్ ప్రకారం, నోటితో చెప్పిన ఫిర్యాదును రాసుకున్నాక చెప్పినవారికి చదివి వినిపించాలి. ఆ తర్వాతే సంతకం. ప్రతి ఉచితంగా ఇవ్వాలి. లైంగిక నేరాల్లో బాధితురాలి ఫిర్యాదును మహిళా అధికారి నమోదు చేయాలి. ఈ హక్కు పాత చట్టంలోనూ ఉంది, అడిగేవారే తక్కువ.

కనుక తోడు వెళ్ళే ప్రతి కార్యకర్తా ముందు ఆమె మాటను ఆమె యాసలోనే రాసుకోవాలి. స్టేషన్లో చదివి వినిపించమని అడగాలి. తన మాట అందులో లేకపోతే, దిద్దేవరకు వేలిముద్ర వేయవద్దని ఆమెకు చెప్పాలి.