ఒక్కసారి, 30 గ్రాములు

గంజాయిని నియంత్రిత పదార్థాల చట్టంలోని అతి కఠినమైన మొదటి షెడ్యూలు నుంచి మూడో షెడ్యూలుకు మార్చాలని అమెరికా న్యాయశాఖ 2024 మేలో ప్రతిపాదించింది. అప్పటి నుంచి అక్కడి మనవాళ్ల మాటల్లో కొత్త ధీమా వినిపిస్తోంది. రాష్ట్ర ప్రభుత్వం ఇచ్చే వైద్య గంజాయి పేషెంట్ కార్డు తీసుకుంటే చాలు, అంతా చట్టబద్ధమే అంటున్నారు. కీమోథెరపీతో తిండి సయించని హెచ్1బీ ఉద్యోగికీ, ఏళ్ల తరబడి నరాల నొప్పితో నలిగిపోతున్న గృహిణికీ ఇదే సలహా ఇస్తున్నారు. ఇది ప్రమాదకరమైన సలహా. అమెరికా పౌరసత్వం లేని రోగికి ఆ కార్డు రక్షణ కాదు. ఫెడరల్ చట్టం దృష్టిలో అది ఆ రోగికే వ్యతిరేకంగా నిలిచే కాగితం. ఈ అన్యాయాన్ని సరిచేయాల్సింది అమెరికా కాంగ్రెస్. అప్పటిదాకా రోగిని హెచ్చరించాల్సింది మాత్రం ఫీజు కట్టించుకుని కార్డు ఇస్తున్న రాష్ట్రాలే.

ఇంత చర్చలోనూ ఎవరూ ఎత్తని అంకె ఒకటుంది. అది 30 గ్రాములు. గంజాయి విషయంలో అమెరికా ఇమిగ్రేషన్ చట్టం చూపే కాస్త కనికరం ఆ అంకె దగ్గరే మొదలై అక్కడే ముగుస్తుంది. సొంత వాడకానికి 30 గ్రాములకు మించకుండా గంజాయి దగ్గర పెట్టుకుని, జీవితంలో ఒకే ఒక్కసారి దొరికిపోయి శిక్ష పడితే, కేవలం ఆ కారణంతో దేశం నుంచి పంపేయరు. పౌరసత్వానికి కావాల్సిన ‘సత్ప్రవర్తన’ లెక్కలోనూ ఇదే మినహాయింపు. గ్రీన్ కార్డు నిరాకరించినప్పుడు మాఫీ కోరడానికీ ఇదే హద్దు. ఆ మాఫీ కూడా హక్కుగా రాదు. పౌరులో గ్రీన్ కార్డుదారులో అయిన దగ్గరి బంధువులకు తీవ్రమైన కష్టం కలుగుతుందని రుజువు చేసుకోవడం వంటి షరతులు దాటాక, అధికారికి ఇష్టమైతే ఇస్తారు.

ఇప్పుడు ఈ అంకెను పేషెంట్ కార్డు పక్కన పెట్టి చూడండి. తెలుగువారు పెద్ద సంఖ్యలో ఉన్న న్యూజెర్సీలో కార్డున్న రోగి 30 రోజులకు 3 ఔన్సుల దాకా కొనుక్కోవచ్చు. అంటే దాదాపు 85 గ్రాములు. ఫ్లోరిడాలో పొగ తాగే రూపంలో అయితే 35 రోజులకు రెండున్నర ఔన్సులు, అంటే దాదాపు 71 గ్రాములు. డాక్టర్ సిఫార్సు చేసినంత మందును రాష్ట్రం అనుమతించినంత మేర కొన్న రోగి, మొదటి నెలలోనే ఫెడరల్ మినహాయింపును రెండింతలకు మించి దాటిపోతాడు. తక్కువ కొన్నా తప్పించుకోలేడు. చట్టం ‘ఒక్కసారి’ అంటోంది. రోగి ప్రతి నెలా కొనాలి. దీర్ఘకాలిక వ్యాధి ఉన్నవారికి ఇచ్చే కార్డుకు, ఒకే ఒక్క ఉల్లంఘనను క్షమించే చట్టానికి పొత్తు ఎలా కుదురుతుంది? కార్డు ఉద్దేశమే ఆ మినహాయింపును రద్దు చేస్తోంది.

దరఖాస్తు చేయడం మాత్రం చాలా సులువు. పెన్సిల్వేనియానే తీసుకోండి. డ్రైవింగ్ లైసెన్సు మీద ఉన్న పేరు, చిరునామాతో ఆన్‌లైన్‌లో నమోదు చేసుకోవాలి. రాష్ట్రం గుర్తించిన డాక్టర్, రోగికి జాబితాలోని వ్యాధి ఉందని ధ్రువీకరించాలి. 50 డాలర్లు కడితే కార్డు ఇంటికొస్తుంది. హెచ్1బీ మీద ఉన్నవారికీ, గ్రీన్ కార్డు ఉన్నవారికీ డ్రైవింగ్ లైసెన్సు ఉంటుంది కాబట్టి తలుపు అందరికీ ఒకేలా తెరుచుకుంటుంది. గంజాయి ఫెడరల్ చట్టం ప్రకారం ఇప్పటికీ నిషిద్ధమన్న మాట సాధారణంగా నిబంధనల మధ్య ఎక్కడో ఉంటుంది. ఆ వాక్యం చదివిన రోగి, మహా అయితే పోలీసుల గురించి ఆలోచిస్తాడు. ఆ కార్డు వల్ల తన గ్రీన్ కార్డే పోవచ్చని ఎందుకు ఊహిస్తాడు?

ఇక్కడే చాలామంది పొరపాటు పడుతున్నారు. అరెస్టు అయితేనే కదా, కేసు పెడితేనే కదా అనుకుంటున్నారు. దేశంలోకి అనుమతి నిరాకరించడానికి శిక్ష పడనక్కర్లేదు, కేసు ఉండనక్కర్లేదు. మాదకద్రవ్యాల చట్టాన్ని ఉల్లంఘించినట్టు అధికారి ముందు ఒప్పుకుంటే సరిపోతుంది. హైదరాబాద్ కాన్సులేట్‌లో వీసా స్టాంపింగ్‌కు వెళ్లే ప్రతి ఒక్కరూ నింపే డీఎస్-160 ఫారంలో, మాదకద్రవ్యాలకు సంబంధించిన ఏ చట్టాన్నైనా ఎప్పుడైనా ఉల్లంఘించారా అన్న ప్రశ్న ఉంది. గ్రీన్ కార్డు కోసం నింపే ఐ-485లో అది ఇంకా సూటిగా ఉంది. రాష్ట్ర చట్టాలనూ, అమెరికా చట్టాలనూ, విదేశీ చట్టాలనూ విడివిడిగా పేర్కొని మరీ అడుగుతారు. గ్రీన్ కార్డు వచ్చాక కూడా నిశ్చింత లేదు. చెల్లెలి పెళ్లికి విజయవాడ వచ్చి తిరిగి వెళ్లే గ్రీన్ కార్డుదారుణ్ని, ఇలాంటి ఉల్లంఘన బయటపడితే, కొత్తగా ప్రవేశం కోరుతున్న మనిషిగా చట్టం పరిగణించగలదు. విమానాశ్రయంలో అధికారి పర్సు తెరిపించినా, ఫోన్ చూసినా ఆ కార్డు అక్కడే కనిపిస్తుంది.

‘రాష్ట్రాల దగ్గరున్న రోగుల జాబితా గోప్యం కదా, ఎవరికి తెలుస్తుంది’ అని కొందరు వాదిస్తున్నారు. ఇంతకంటే చెడ్డ వాదన లేదు. జాబితా గోప్యమే, కాదనను. కానీ ఆ ఫారంలోని ప్రశ్నకు జవాబు రాయాల్సింది జాబితా కాదు, రోగి. నిజం చెబితే అది ఒప్పుకోలు. అబద్ధం చెబితే తప్పుడు సమాచారంతో ఇమిగ్రేషన్ ప్రయోజనం పొందాలని చూసిన నేరం, దానికి గడువంటూ లేని శాశ్వత నిషేధం. రోగం బారినపడ్డ మనిషిని ఈ రెండింటి మధ్య ఇరికించి, ‘ఏం కాదులే’ అని భుజం తట్టేవారికి, ఆ ఇంట్లో పిల్లల చదువు, ఇంటి అప్పు, పన్నెండేళ్ల నిరీక్షణ అన్నీ ఆ ఒక్క జవాబు మీద ఆధారపడి ఉన్నాయన్న ఎరుక ఉండాలి. ఏ దేశానికీ ఏడు శాతానికి మించి ఇవ్వకూడదన్న పరిమితి వల్ల భారతీయులు గ్రీన్ కార్డు కోసం దశాబ్దానికి పైగా క్యూలో నిలబడుతున్నారు. ఆ క్యూ ఎంత పొడవైతే, మధ్యలో జబ్బుపడేవారు అంత ఎక్కువ.

ఇది ఊహించి చెబుతున్న భయం కాదు. 2019 ఏప్రిల్ 19న అమెరికా ఇమిగ్రేషన్ సర్వీసు, యూఎస్‌సీఐఎస్, తన అధికారులకు రాతపూర్వక మార్గదర్శకం ఇచ్చింది. రాష్ట్ర చట్టం అనుమతించినా సరే, గంజాయితో సంబంధం ఉన్న పని ఫెడరల్ చట్టానికి విరుద్ధం కాబట్టి అది పౌరసత్వ దరఖాస్తుదారు సత్ప్రవర్తనకు అడ్డు కావచ్చని అందులో స్పష్టంగా ఉంది. ఏ మినహాయింపు ఇచ్చారో తెలుసా? మళ్లీ అదే. ఒక్కసారి, 30 గ్రాములు. అదే ఏడాది కొలరాడోలో లైసెన్సు ఉన్న గంజాయి సంస్థల్లో ఉద్యోగం చేసినందుకు ఇద్దరు వలసదారులకు పౌరసత్వం నిరాకరించారు. అప్పటి డెన్వర్ మేయర్ మైకేల్ హాన్‌కాక్ ఈ విషయమై నేరుగా అటార్నీ జనరల్‌కు లేఖ రాయాల్సి వచ్చింది. ఆ ఇద్దరూ దొంగచాటు వ్యాపారం చేయలేదు. రాష్ట్రం అనుమతించిన పని చేసి జీతం తీసుకున్నారు, అంతే.

రక్షణ ఎవరికి ఉందో, ఎవరికి లేదో చూస్తే ఈ వ్యవస్థలోని వివక్ష తేటతెల్లమవుతుంది. గంజాయిని సిఫార్సు చేసినందుకు, నియంత్రిత మందులు రాసే లైసెన్సును డాక్టర్ నుంచి లాక్కోకూడదని 2002లో తొమ్మిదో సర్క్యూట్ అప్పీళ్ల కోర్టు తీర్పు చెప్పింది. డాక్టర్‌కు అలా ఆసరా దొరికింది. వైద్య గంజాయి అనుమతించిన రాష్ట్రాల మీద, వాటి నిబంధనలు పాటించేవారి మీద న్యాయశాఖ డబ్బు ఖర్చుపెట్టి కేసులు నడపకూడదని కాంగ్రెస్ 2014 డిసెంబర్ నుంచి బడ్జెట్ చట్టంలో షరతు పెడుతూ వస్తోంది. డిస్పెన్సరీ యజమానికీ, పౌరుడైన రోగికీ అది గొడుగు. కానీ ఆ షరతు న్యాయశాఖ ఖర్చుకే వర్తిస్తుంది. వీసాలు, గ్రీన్ కార్డులు, పౌరసత్వం చూసేది హోంలాండ్ సెక్యూరిటీ శాఖ, విదేశాంగ శాఖ. వాటికి ఆ షరతుతో పనిలేదు. గంజాయి అమ్మి లాభం తీసుకునేవాడికి భరోసా దొరికింది. నొప్పి తట్టుకోలేక కొన్న పరదేశి రోగికి దొరకలేదు.

షెడ్యూలు మారితే ఈ సమస్య తీరుతుందన్న ఆశ కూడా నిలవదు. ఇమిగ్రేషన్ చట్టం మొదటి షెడ్యూలు అనో, మూడో షెడ్యూలు అనో విడదీసి చూడదు. నియంత్రిత పదార్థాల చట్టం జాబితాలో ఎక్కడున్నా అది నియంత్రిత పదార్థమే. మూడో షెడ్యూలులోని మందును చట్టబద్ధంగా వాడాలంటే ప్రిస్క్రిప్షన్ కావాలి. రాష్ట్రాల కార్డు ప్రిస్క్రిప్షన్ కాదు, డాక్టర్ ఇచ్చేది ధ్రువీకరణ మాత్రమే. డిస్పెన్సరీలో అమ్మే సరుకు అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ ఆమోదం పొందిన మందు కాదు. షెడ్యూలు మార్పుతో లాభపడేది ప్రధానంగా గంజాయి కంపెనీలు. వాటికి పన్ను మినహాయింపులు దక్కుతాయి. మన రోగి విషయంలో అంకె మారదు. ఒక్కసారి, 30 గ్రాములు.

ఇందులో నాకు అన్నింటికంటే బాధ కలిగించేది మరొకటి. గంజాయిలోని ప్రధాన మత్తు పదార్థమైన టీహెచ్‌సీని ప్రయోగశాలలో తయారుచేసి, డ్రోనాబినాల్ పేరుతో అమ్మడానికి ఎఫ్‌డీఏ 1985లోనే ఆమోదం ఇచ్చింది. కీమోథెరపీ వల్ల వచ్చే వికారానికి డాక్టర్లు దాన్ని రాస్తారు, మామూలు ఫార్మసీలో దొరుకుతుంది. హెచ్1బీ ఉద్యోగి ప్రిస్క్రిప్షన్‌తో ఆ మాత్ర వేసుకుంటే ఏ ఫారంలోనూ ఏ ఇబ్బందీ లేదు. అదే అణువు మొక్క నుంచి వస్తే, రాష్ట్ర కార్డు ఉన్నా, అతను ఉల్లంఘనకారుడు. మందుగా పనికొస్తుందని నలభై ఏళ్ల క్రితమే ఫెడరల్ ప్రభుత్వం ఒప్పుకున్న పదార్థం విషయంలో, వలసదారుడి వంతు వచ్చేసరికి ఈ కాఠిన్యం ఎందుకు? ఈ తేడా రోగులకు ఎవరైనా ముందే చెబితే చాలామంది డిస్పెన్సరీకి వెళ్లే ముందు తమ ఆంకాలజిస్టును ఆ మాత్ర గురించి అడిగేవారు. అందరికీ అది పడకపోవచ్చు. అడిగే అవకాశమైనా ఉండాలి కదా.

అటువైపు వాదనలోనూ కొంత బలం ఉంది. గంజాయి అనగానే మన దగ్గర పాడేరు ఏజెన్సీ నుంచి సాగే అక్రమ రవాణా, చదువులు పాడైన కుర్రాళ్లు గుర్తొస్తారు. ఆ ఆందోళన నిజమైనదే. అతిథిగా వెళ్లిన దేశంలో ఆ దేశ చట్టం పాటించాలన్న మాటా నిజమే. కానీ ఏ చట్టాన్ని పాటించాలి? పెన్సిల్వేనియా రాజధాని హారిస్‌బర్గ్‌లోనో, న్యూజెర్సీ రాజధాని ట్రెంటన్‌లోనో చట్టసభ చేసినదాన్నా, వాషింగ్టన్ చేసినదాన్నా? ప్రభుత్వం తన ముద్ర వేసి, ఫీజు తీసుకుని, ఫొటోతో కార్డు ఇచ్చాక, దాన్ని నమ్మిన రోగిని చట్టం లెక్కచేయని వాడిగా చూడటం న్యాయం కాదు. మత్తుకు బానిసలైన కుర్రాళ్లను, క్యాన్సర్ రోగిని ఒకే గాటన కట్టేవారికి ఈ తేడా చెప్పినా పట్టదు.

దీనికి మందు లేదని కాదు. 2020 డిసెంబర్‌లో, మళ్లీ 2022 ఏప్రిల్‌లో అమెరికా ప్రతినిధుల సభ, గంజాయిని నియంత్రిత పదార్థాల జాబితా నుంచి తొలగించే ‘మోర్’ బిల్లును ఆమోదించింది. ఇమిగ్రేషన్ చట్టం విషయంలో గంజాయిని నియంత్రిత పదార్థంగా చూడకూడదని అందులో స్పష్టంగా రాశారు. రెండుసార్లూ సెనేట్ దాన్ని ముట్టుకోలేదు. మొత్తం బిల్లు భారమైతే ఆ ఒక్క నిబంధననైనా విడిగా తేవచ్చు. రాష్ట్రం గుర్తించిన రోగి డాక్టర్ ధ్రువీకరణతో చేసిన వాడకాన్ని వలస ఫారాల ప్రశ్నల నుంచి తప్పిస్తే చాలు. ప్రతి ఎన్నికలోనూ మన ఓట్లు, విరాళాలు కోరే నాయకులను తెలుగు సంఘాలు ఈ ప్రశ్న అడగాలి. గ్రీన్ కార్డు క్యూ గురించి అడుగుతున్నంత గట్టిగా అడగాలి. సదస్సుల్లో లాయర్లను పిలిచి హెచ్1బీ లాటరీ మీద మాట్లాడిస్తున్నప్పుడు, పావుగంట ఈ 30 గ్రాముల గురించి కూడా మాట్లాడించాలి. పరువు పోతుందని ఈ విషయాన్ని దాచుకుంటే, జబ్బుపడినవాళ్లు ఒంటరిగా, తప్పుడు సలహాలతో ఆ ఫారం నింపుతూనే ఉంటారు.

రాష్ట్రాలకు మాత్రం కాంగ్రెస్ కోసం ఎదురుచూశామన్న సాకు చెల్లదు. న్యూజెర్సీకి 2010 నుంచి, పెన్సిల్వేనియాకు 2016 నుంచి వైద్య గంజాయి చట్టం ఉంది. ఆ రాష్ట్రాల్లో వలసదారులు లక్షల్లో ఉన్నారని వాటి ప్రభుత్వాలకు తెలియనిది కాదు. ‘మీరు అమెరికా పౌరులు కాకపోతే, ఈ కార్డు తీసుకునే ముందు ఇమిగ్రేషన్ లాయర్‌ను సంప్రదించండి, దీనివల్ల మీ వీసా, గ్రీన్ కార్డు, పౌరసత్వం నిరాకరించే అవకాశం ఉంది’ అని దరఖాస్తు మొదటి పేజీలో, పేరు రాసే గడికి పైన, పెద్ద అక్షరాల్లో పెట్టడానికి ఎంత ఖర్చవుతుంది? దానికి కొత్త బిల్లు అవసరమా? సంతకం చేసే డాక్టర్ నోటితో ఒక్క మాట చెప్పాలన్న నిబంధన పెట్టడానికి ఇన్నేళ్లు ఏమి అడ్డొచ్చింది? రోగి దగ్గర ఫీజు తీసుకున్న ప్రతి ఆరోగ్య శాఖా దీనికి లిఖితపూర్వకంగా జవాబు చెప్పాలి.